విద్యుత్ బిల్లుపై వివాదం వస్తే ఏ ఫిర్యాదు ఎక్కడ చేయాలి?

నెలకు ఎనిమిది, తొమ్మిది వందల రూపాయల విద్యుత్ బిల్లు చెల్లించే ఇంటికి ఒక్కసారిగా పద్దెనిమిది వేల రూపాయల బిల్లు వస్తుంది. సెక్షన్ ఆఫీసుకు వెళితే, ముందు బిల్లు కట్టి ఆ తరువాత దరఖాస్తు పెట్టుకోవాలనే సమాధానం వినిపిస్తుంది. అప్పు చేసి కట్టడమా, కరెంటు పోగొట్టుకోవడమా అన్న రెండు దారులే ఆ కుటుంబానికి కనిపిస్తాయి. అయితే చట్టం మూడో దారిని కూడా చూపుతోంది. వివాదం తేలేవరకు సరఫరాను నిలుపుకొంటూనే బిల్లును ప్రశ్నించవచ్చు.

విద్యుత్ వినియోగదారుడికి చట్టపరమైన రక్షణలు తక్కువేమీ కావు. కానీ అవి ఒకేచోట లేవు. బిల్లులో పొరపాటుకు ఒక వేదిక, అనధికార వినియోగం నోటీసుకు మరొక అధికారి, చౌర్యం కేసుకు ప్రత్యేక న్యాయస్థానం, చార్జీల పెంపుపై అభ్యంతరానికి నియంత్రణ మండలి ఉన్నాయి. ఒకరి పరిధిలోకి వచ్చే విషయాన్ని మరొకరు విచారించలేరు. తగని వేదికను ఆశ్రయించిన వినియోగదారుడు నెలల తరబడి తిరిగి, చివరకు అసలు వేదికలో గడువు దాటిందని తెలుసుకునే ప్రమాదం ఉంది. కాబట్టి చేతికి అందిన కాగితం ఏమిటి, అది ఏ సెక్షన్ కింద జారీ అయింది అన్నది అన్నిటికంటే ముందు గమనించవలసిన విషయం.

దేశమంతటికీ ఒకే చట్టం

విద్యుత్ సరఫరాకు సంబంధించిన వివాదాలకు ప్రధాన ఆధారం 2003 నాటి విద్యుత్ చట్టం. ఇది ఆ ఏడాది జూన్ 10న అమలులోకి వచ్చింది. దీనికి అనుబంధంగా కేంద్ర ప్రభుత్వం 2020 డిసెంబరు 31న విద్యుత్ వినియోగదారుల హక్కుల నిబంధనలను ప్రకటించింది. తరువాత 2023, 2024 సంవత్సరాల్లో వాటిని సవరించింది. వీటితో పాటు ప్రతి రాష్ట్రంలోనూ విద్యుత్ నియంత్రణ మండలి సరఫరా నియమావళిని, సేవా ప్రమాణాలను రూపొందిస్తుంది. ఫారాలు, రుసుములు, కొన్ని గడువులు రాష్ట్రాన్ని బట్టి మారుతాయి. మూలసూత్రాలు మాత్రం విశాఖపట్నంలోనైనా, వరంగల్‌లోనైనా, బెంగళూరులోనైనా, ఢిల్లీలోనైనా ఒకటే. పంపిణీ సంస్థ ప్రభుత్వానిదా, ప్రైవేటుదా అన్న తేడా కూడా వీటికి వర్తించదు.

ముందుగా సరఫరాను కాపాడుకోవాలి

బకాయి పేరిట సరఫరా నిలిపివేసే అధికారాన్ని పంపిణీ సంస్థకు చట్టంలోని 56వ సెక్షన్ ఇచ్చింది. ఆ అధికారానికి హద్దులు విధించింది కూడా ఆ సెక్షనే. మొదటిది, సరఫరా ఆపడానికి ముందు కనీసం పూర్తి 15 రోజుల గడువుతో లిఖితపూర్వక నోటీసు ఇవ్వాలి. లైన్‌మన్ నోటిమాటగా చేసే హెచ్చరిక నోటీసు కాదు.

రెండో హద్దు మరింత ముఖ్యమైనది. బిల్లుపై అభ్యంతరం ఉన్న వినియోగదారుడు తన అభ్యంతరాన్ని నమోదు చేస్తూ, సంస్థ అడిగిన పూర్తి మొత్తాన్ని గానీ, గత ఆరు నెలల్లో తాను చెల్లించిన చార్జీల సగటు ప్రకారం నెలకు అయ్యే మొత్తాన్ని గానీ జమ చేయవచ్చు. ఈ రెండింటిలో ఏది తక్కువైతే అది చాలు. అలా జమ చేసినప్పుడు వివాదం పరిష్కారమయ్యే వరకు సరఫరాను నిలిపివేయరాదని చట్టం స్పష్టం చేస్తోంది.

పైన చెప్పిన ఉదాహరణనే తీసుకుంటే, గత ఆరు నెలల సగటు 900 రూపాయలైతే, పద్దెనిమిది వేల రూపాయల బిల్లు వచ్చిన నెలకు 900 రూపాయలు జమ చేసి వివాదాన్ని కొనసాగించవచ్చు. ఇందుకు ఒక దరఖాస్తు రాయడం అవసరం. బిల్లు తేదీ, సర్వీస్ నంబర్, గత ఆరు బిల్లుల మొత్తాలు, వాటి సగటు రాసి, 56వ సెక్షన్ ప్రకారం అభ్యంతరంతో చెల్లిస్తున్నట్లు అందులో పేర్కొనాలి. దరఖాస్తు రెండో ప్రతిపై కార్యాలయ ముద్ర, తేదీ వేయించుకోవాలి. దరఖాస్తు ఏమీ ఇవ్వకుండా బిల్లు కట్టడం మానేస్తే అది వివాదం కాదు, బకాయి అవుతుంది. తరువాతి నెలల బిల్లులను కూడా మానకుండా చెల్లిస్తూ ఉండాలి.

మొదటి మెట్టు పంపిణీ సంస్థలోనే

ఫిర్యాదు ఎప్పుడూ కింది మెట్టు నుంచే మొదలుకావాలి. సంస్థ కస్టమర్ సర్వీస్ సెంటర్, 1912 టోల్‌ఫ్రీ నంబర్, సంస్థ వెబ్‌సైట్ లేదా మొబైల్ యాప్ ద్వారా ఫిర్యాదు నమోదు చేయవచ్చు. ఏ మార్గంలో చేసినా ఫిర్యాదు సంఖ్యను తీసుకోవడం తప్పనిసరి. తరువాతి ప్రతి దశలోనూ ఆ సంఖ్య, తేదీ ఆధారంగా నిలుస్తాయి.

బిల్లు అసాధారణంగా పెరిగినప్పుడు మొదట అనుమానించవలసినవి మూడు. ఒకటి, రీడింగ్ తప్పుగా నమోదు కావడం. బిల్లులోని రీడింగును మీటరులో కనిపించే అంకెలతో పోల్చితే ఇది వెంటనే తేలుతుంది. రెండు, కొన్ని నెలలు ఇంటికి తాళం ఉందని సగటు బిల్లులు ఇచ్చి, తరువాత మొత్తం వాడకాన్ని ఒకే నెలలో చూపడం. శ్లాబుల పద్ధతిలో యూనిట్లు పెరిగేకొద్దీ ధర కూడా పెరుగుతుంది. అందువల్ల ఆ యూనిట్లను సంబంధిత నెలలకు విభజించి లెక్కించాలని కోరాలి. మూడు, మీటరులోనే లోపం ఉండటం.

మీటరులో లోపం ఉందని వినియోగదారుడు ఫిర్యాదు చేస్తే 30 రోజుల్లోగా దానిని పరీక్షించాలని 2020 నిబంధనలు చెబుతున్నాయి. 2024 ఫిబ్రవరి సవరణ మరో వెసులుబాటు కల్పించింది. రీడింగ్ తన వాడకానికి పొంతన లేకుండా ఉందని వినియోగదారుడు ఫిర్యాదు చేస్తే, అయిదు రోజుల్లోగా అదనపు మీటరును అమర్చి, కనీసం మూడు నెలల పాటు రెండు మీటర్ల రీడింగులను పోల్చి చూడాలి. దీనివల్ల మీటరు మీద అనుమానం మాటల్లో మిగిలిపోకుండా అంకెల్లో తేలిపోతుంది. స్మార్ట్ మీటర్ల విషయంలో 2023 సవరణ ఒక ముఖ్యమైన రక్షణ ఇచ్చింది. స్మార్ట్ మీటరు నమోదు చేసిన గరిష్ఠ డిమాండును చూపి, దానిని అమర్చడానికి ముందు కాలానికి జరిమానా చార్జీలు వేయరాదు.

పరిష్కార వేదిక, ఆపై అంబుడ్స్‌మన్

కార్యాలయ స్థాయిలో సమస్య తీరకపోతే తరువాతి మెట్టు విద్యుత్ వినియోగదారుల సమస్యల పరిష్కార వేదిక. సీజీఆర్‌ఎఫ్ అని వ్యవహరించే ఈ వేదికను ప్రతి పంపిణీ సంస్థ ఏర్పాటు చేయాలని చట్టంలోని 42వ సెక్షన్ ఆదేశిస్తోంది. తప్పు బిల్లులు, మీటరు లోపాలు, కేటగిరీ మార్పు, కొత్త కనెక్షన్‌లో జాప్యం, లోవోల్టేజీ, తరచు అంతరాయాలు, డిపాజిట్ వాపసు, పేరు మార్పు వంటివి ఇక్కడ విచారణకు వస్తాయి. న్యాయవాది తప్పనిసరి కాదు. తెలుగులో రాసిన సాదా దరఖాస్తుకు బిల్లుల నకళ్లు, ఫిర్యాదు రసీదు జతచేస్తే సరిపోతుంది. ఫిర్యాదుల పరిష్కారానికి 45 రోజులు గరిష్ఠ గడువుగా 2020 నిబంధనలు నిర్దేశించాయి.

వేదిక పంపిణీ సంస్థ ఏర్పాటు చేసినదే కదా, అక్కడ న్యాయం దొరుకుతుందా అన్న సందేహం సహజం. దానికి చట్టమే జవాబు చూపింది. వేదిక ఉత్తర్వుతో తృప్తి చెందని వినియోగదారుడు విద్యుత్ అంబుడ్స్‌మన్‌ను ఆశ్రయించవచ్చు. అంబుడ్స్‌మన్‌ను నియమించేది పంపిణీ సంస్థ కాదు, రాష్ట్ర విద్యుత్ నియంత్రణ మండలి. ఆంధ్రప్రదేశ్‌లోనూ, తెలంగాణలోనూ ఈ వ్యవస్థ పనిచేస్తోంది. వేదిక ఉత్తర్వు అందిన తరువాత ఎన్ని రోజుల్లో అంబుడ్స్‌మన్ వద్దకు వెళ్లాలన్నది రాష్ట్ర నిబంధనల్లో ఉంటుంది. ఈ గడువు స్వల్పం కనుక ఉత్తర్వు అందిన తేదీని రాసి ఉంచుకోవాలి.

అంబుడ్స్‌మన్ ఉత్తర్వును పంపిణీ సంస్థ అమలు చేయకపోతే ఆ విషయాన్ని నియంత్రణ మండలి దృష్టికి తీసుకువెళ్లవచ్చు. మండలి ఆదేశాలను, చట్ట నిబంధనలను ఉల్లంఘించిన వారికి ప్రతి ఉల్లంఘనకు లక్ష రూపాయల వరకు, అది కొనసాగితే రోజుకు ఆరు వేల రూపాయల వరకు జరిమానా విధించే అధికారం 142వ సెక్షన్ కింద మండలికి ఉంది. అయితే ఒక వినియోగదారుడి బిల్లు వివాదాన్ని నేరుగా మండలి ముందుకు తీసుకువెళ్లడానికి వీల్లేదు. అటువంటి వివాదాలకు పరిష్కార వేదిక, అంబుడ్స్‌మన్‌లే తగిన మార్గమని మహారాష్ట్రకు సంబంధించిన కేసులో సుప్రీంకోర్టు 2007లో తేల్చిచెప్పింది.

పాత బకాయిలకు రెండేళ్ల హద్దు

ఏళ్ల కిందటి వాడకానికి ఇప్పుడు అదనపు బిల్లు రావడం మరో సాధారణ ఫిర్యాదు. ఆడిట్‌లో టారిఫ్ తప్పు పడిందనో, మీటరు గుణకం తప్పుగా వేశారనో కారణం చూపుతారు. చెల్లించవలసిన మొత్తం మొదట బకాయి పడిన తేదీ నుంచి రెండేళ్లు దాటితే, దానిని బిల్లుల్లో వరుసగా బకాయిగా చూపుతూ వస్తే తప్ప, వసూలు చేయరాదని 56వ సెక్షన్ రెండో ఉపవిభాగం చెబుతోంది.

దీనికి అర్థమేమిటో 2020 ఫిబ్రవరి 18న అజ్మీర్ విద్యుత్ వితరణ్ నిగమ్ కేసులో సుప్రీంకోర్టు వివరించింది. ఆ కేసులో 2009 జులై నుంచి 2011 సెప్టెంబరు వరకు తప్పు టారిఫ్‌తో బిల్లులు ఇచ్చారు. తప్పును గుర్తించి 2014 మార్చిలో అదనపు మొత్తాన్ని అడిగారు. పొరపాటు బయటపడిన తరువాత సంస్థ అదనపు డిమాండ్ పంపవచ్చని, చట్టంలోని ఇతర మార్గాల్లో వసూలుకు ప్రయత్నించవచ్చని, కానీ రెండేళ్లు దాటిన ఆ మొత్తం కోసం సరఫరాను నిలిపివేయరాదని కోర్టు చెప్పింది. అంటే పాత బాకీ రద్దయిపోదు, దాని పేరిట కరెంటు కోత బెదిరింపు మాత్రం చెల్లదు. తక్కువగా వేసిన బిల్లును తరువాత సరిదిద్దడం దానంతట అది సేవాలోపం కాదని 2021 అక్టోబరులో మరో తీర్పులో సుప్రీంకోర్టు పేర్కొంది. అందువల్ల ఇటువంటి వివాదంలో లెక్క సరైనదేనా, ఏ కాలానికి వేశారు, వాయిదాలు ఇస్తారా అన్న అంశాలపై పోరాడటం ప్రయోజనకరం.

ఇల్లు లేదా దుకాణం కొనేవారు కూడా బకాయిల విషయంలో జాగ్రత్త పడాలి. నిబంధనలు అనుమతిస్తే, ఆ ఆవరణలోని పాత యజమాని బకాయి చెల్లింపును కొత్త కనెక్షన్‌కు షరతుగా పెట్టవచ్చని కేరళ విద్యుత్ బోర్డు కేసులో 2023 మే 19న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. రిజిస్ట్రేషన్‌కు ముందే ఆ సర్వీసుపై బకాయి లేదని ధ్రువపత్రం తీసుకోవడం మంచిది.

సెక్షన్ 126 నోటీసు అందితే దారి వేరు

పై మెట్లన్నీ సాధారణ బిల్లు వివాదాలకు వర్తిస్తాయి. తనిఖీ బృందం వచ్చి అనధికార వినియోగం జరిగిందని రాసిన తరువాత మాత్రం దారి మారిపోతుంది. గృహ కేటగిరీ మీటరుపై దుకాణం నడపడం, ఒక చోటికి ఇచ్చిన సరఫరాను మరొక చోటికి మళ్లించడం, అనుమతి పొందిన లోడును మించి వాడటం వంటివి ఈ కోవలోకి వస్తాయి. అనుమతించిన లోడును మించి వాడినా అది 126వ సెక్షన్ కిందికే వస్తుందని ఒడిశా రైస్ మిల్లు కేసులో 2011లో సుప్రీంకోర్టు చెప్పింది. ఇంటి ముందు గదిలో చిన్న కిరాణా కొట్టు, కుట్టుపని కేంద్రం పెట్టుకునేవారు కేటగిరీ విషయాన్ని ముందే సంస్థకు తెలియజేయవలసింది ఇందుకే.

ఈ సెక్షన్ కింద మొదట తాత్కాలిక మదింపు ఉత్తర్వు జారీ అవుతుంది. వర్తించే టారిఫ్‌కు రెట్టింపు చొప్పున లెక్కిస్తారు. అనధికార వినియోగం ఎప్పటి నుంచి జరిగిందో తేలకపోతే తనిఖీకి ముందు 12 నెలల కాలానికి పరిమితం చేస్తారు. తాత్కాలిక ఉత్తర్వుపై అభ్యంతరాలు చెప్పుకునే హక్కు, వాదన వినిపించే అవకాశం వినియోగదారుడికి ఉన్నాయి. ఆ ఉత్తర్వు అందిన 30 రోజుల్లోగా తుది ఉత్తర్వు ఇవ్వాలి.

ఈ అభ్యంతర దశ అత్యంత కీలకం. దుకాణం మూడు నెలల కిందటే మొదలైందని చూపే అద్దె పత్రం, లైసెన్సు, సరుకు బిల్లులు ఉంటే 12 నెలల లెక్క మూడు నెలలకు తగ్గవచ్చు. ఆ ఆధారాలను ఈ దశలోనే ఇవ్వాలి. తుది ఉత్తర్వుపై 127వ సెక్షన్ కింద 30 రోజుల్లోగా అప్పీలు చేయవచ్చు. అయితే మదింపు మొత్తంలో సగం ముందుగా జమ చేస్తేనే అప్పీలును స్వీకరిస్తారు. అప్పీలు అధికారి నిర్ణయం అంతిమం. ఆ తరువాత మిగిలేది హైకోర్టులో రిట్ పిటిషన్ మాత్రమే. సివిల్ కోర్టులు ఈ మదింపుల్లో జోక్యం చేసుకోకుండా 145వ సెక్షన్ నిషేధించింది.

చౌర్యం ఆరోపణ వస్తే

మీటరును తారుమారు చేయడం, లైనుకు కొక్కెం తగిలించడం వంటివి 135వ సెక్షన్ కింద నేరాలు. నేరం రుజువైతే మూడేళ్ల వరకు జైలు లేదా జరిమానా లేదా రెండూ విధించవచ్చు. ఇక్కడ సరఫరాను ముందస్తు నోటీసు లేకుండానే నిలిపివేయవచ్చు. అయితే సరఫరా ఆపిన 24 గంటల్లోగా సంస్థ పోలీసులకు లిఖితపూర్వకంగా ఫిర్యాదు చేయాలి. మదింపు మొత్తం చెల్లించిన 48 గంటల్లోగా సరఫరాను పునరుద్ధరించాలి. ఆ చెల్లింపు వల్ల నేరాన్ని ఒప్పుకున్నట్లు కాదు.

తనిఖీలో కూడా పాటించవలసిన పద్ధతి ఉంది. నివాస గృహాల్లో సూర్యాస్తమయం నుంచి సూర్యోదయం వరకు, ఇంట్లో నివసించే వయోజన పురుషుడు లేనప్పుడు తనిఖీ చేయరాదు. స్వాధీనం చేసుకున్న వస్తువుల జాబితా తయారు చేసి, దాని ప్రతిని ఇంట్లోని వారికి ఇవ్వాలి. ఆ జాబితాను చదవకుండా సంతకం చేయరాదు. చదవడం రాని వారు పొరుగువారి సహాయం తీసుకోవచ్చు.

మొదటిసారి ఆరోపణకు గురైనవారు 152వ సెక్షన్ కింద రాజీ రుసుము చెల్లించి క్రిమినల్ కేసు నుంచి బయటపడే అవకాశం ఉంది. ఒక వ్యక్తికి ఈ అవకాశం ఒక్కసారే లభిస్తుంది. ఆరోపణను వ్యతిరేకించేవారు ప్రత్యేక న్యాయస్థానంలో తమ వాదన వినిపించాలి. చెల్లించవలసిన సివిల్ బాధ్యతను నిర్ణయించే అధికారం కూడా ఆ న్యాయస్థానానికే ఉంది.

వినియోగదారుల కమిషన్ ఏం చేయగలదు

వినియోగదారుల రక్షణ చట్టం విద్యుత్ సరఫరాను కూడా సేవగా గుర్తించింది. 2020 జులై 20 నుంచి అమలులో ఉన్న 2019 నాటి చట్టం కింద తప్పు బిల్లు, అకారణంగా సరఫరా నిలిపివేత, కనెక్షన్‌లో జాప్యం, వోల్టేజీ హెచ్చుతగ్గుల వల్ల ఉపకరణాలు పాడైపోవడం వంటి సేవాలోపాలపై జిల్లా వినియోగదారుల కమిషన్‌లో ఫిర్యాదు చేయవచ్చు. పరిష్కార వేదిక మార్గం ఉన్నంత మాత్రాన వినియోగదారుడికి ఇతర చట్టాలు ఇచ్చిన హక్కులు పోవని విద్యుత్ చట్టంలోని 42వ సెక్షనే చెబుతోంది. కానీ ఒకే వివాదాన్ని ఒకే సమయంలో రెండు చోట్ల నడపడం తగదు.

కమిషన్‌కు ఉన్న ప్రత్యేకత పరిహారం. బిల్లు సవరణ, కనెక్షన్ పునరుద్ధరణతో సరిపోతే పరిష్కార వేదిక అనువైనది. నష్టానికి, మానసిక వేదనకు పరిహారం కూడా కావాలనుకుంటే కమిషన్ తగినది. సమస్య తలెత్తిన రెండేళ్లలోగా ఫిర్యాదు చేయాలి. ఫిర్యాదుదారు తాను నివసించే లేదా పనిచేసే జిల్లాలోనే దాఖలు చేయవచ్చు. సేవకు చెల్లించిన మొత్తం అయిదు లక్షల రూపాయల లోపు ఉంటే రుసుము లేదు. ఆన్‌లైన్‌లో ఇ-జాగృతి పోర్టల్ ద్వారా దాఖలు చేసే వీలుంది. కేసు వేయడానికి ముందు సలహా కోసం జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915ను సంప్రదించవచ్చు.

ఒక హద్దును మాత్రం మరువరాదు. 126వ సెక్షన్ కింద చేసిన మదింపుపై గానీ, 135 నుంచి 140 వరకు గల సెక్షన్ల కింద నేరాలపై తీసుకున్న చర్యలపై గానీ వినియోగదారుల కమిషన్ విచారణ జరపలేదని ఉత్తరప్రదేశ్ పవర్ కార్పొరేషన్ కేసులో 2013 జులై 1న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. చాలామంది గడువు కోల్పోయేది ఇక్కడే. 126 నోటీసును పట్టుకుని కమిషన్‌కు వెళ్లినవారికి, అక్కడ పరిధి లేదని తేలేసరికి అప్పీలుకు ఉన్న 30 రోజులు దాటిపోతాయి.

శాశ్వత లోక్ అదాలత్

తక్కువగా వినియోగంలో ఉన్నా సామాన్యుడికి అనువైన మరో మార్గం ప్రజోపయోగ సేవల శాశ్వత లోక్ అదాలత్. 1987 నాటి న్యాయసేవల అధికార సంస్థల చట్టం విద్యుత్ సరఫరాను ప్రజోపయోగ సేవల్లో చేర్చింది. కోటి రూపాయల వరకు విలువ గల వివాదాలను ఇది చేపడుతుంది. కోర్టు రుసుము ఉండదు. ముందుగా రాజీకి ప్రయత్నిస్తుంది. అది కుదరకపోతే తానే తీర్పు ఇస్తుంది. సాధారణ లోక్ అదాలత్‌కూ దీనికీ ఉన్న ముఖ్యమైన తేడా ఇదే. వివాదాన్ని ఏ కోర్టుకూ తీసుకువెళ్లక ముందే ఇక్కడ దరఖాస్తు చేయాలి. రాజీకి వీల్లేని నేరాలు దీని పరిధిలోకి రావు. తీర్పు అంతిమం. వివరాలు జిల్లా న్యాయసేవల అధికార సంస్థ కార్యాలయంలోనూ, 15100 హెల్ప్‌లైన్‌లోనూ లభిస్తాయి. మహిళలు, షెడ్యూల్డ్ కులాలు, తెగల వారు, దివ్యాంగులు, నిర్ణీత ఆదాయ పరిమితికి లోబడిన వారు ఉచిత న్యాయ సహాయానికి అర్హులు.

సేవ ఆలస్యమైతే పరిహారం

బిల్లు వివాదాలే కాదు, సేవలో జాప్యం కూడా ఫిర్యాదుకు కారణమే. కొత్త కనెక్షన్‌ను పూర్తి దరఖాస్తు అందిన తరువాత మహానగరాల్లో మూడు రోజుల్లో, ఇతర పురపాలక ప్రాంతాల్లో ఏడు రోజుల్లో, గ్రామాల్లో 15 రోజుల్లో ఇవ్వాలని 2024 సవరణ నిర్దేశించింది. కొండ ప్రాంత గ్రామాలకు 30 రోజుల గడువు ఉంది. లైన్ల విస్తరణ అవసరమైన చోట అదనపు సమయం పడుతుంది.

ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోతే ఎంత సమయంలో మార్చాలన్నది తెలుగు రాష్ట్రాల రైతులకు పంటతో ముడిపడిన విషయం. ఇక్కడి సేవా ప్రమాణాలు పట్టణాల్లో 24 గంటలు, గ్రామాల్లో 48 గంటల గడువు విధించాయి. గడువు తప్పితే వినియోగదారుడికి పరిహారం చెల్లించే బాధ్యతను 57వ సెక్షన్ పంపిణీ సంస్థపై పెట్టింది. పరిహారం మొత్తం చిన్నదే కావచ్చు. కానీ దానిని అడగాలంటే సరఫరా పోయిన సమయానికే 1912కు ఫోన్ చేసి ఫిర్యాదు సంఖ్య తీసుకుని ఉండాలి. ట్రాన్స్‌ఫార్మర్ తరలింపునకు రైతులు చందాలు వేసుకునే అలవాటు ఉన్న గ్రామాల్లో, ఆ ఖర్చు ఎవరిదో తేల్చమని కోరుతూ అందరూ కలిసి పరిష్కార వేదికకు దరఖాస్తు ఇవ్వవచ్చు.

తెగిన తీగల వల్ల మనుషులు, పశువులు మరణించినప్పుడు సంస్థ బాధ్యత మరింత కఠినమైనది. మధ్యప్రదేశ్‌లో రోడ్డుపై పడి ఉన్న తీగ తగిలి సైకిల్‌పై వెళుతున్న వ్యక్తి మరణించిన కేసులో, ఎవరో అక్రమంగా తీగ లాగారన్న విద్యుత్ బోర్డు వాదనను సుప్రీంకోర్టు 2002లో తోసిపుచ్చింది. ప్రమాదకరమైన శక్తిని సరఫరా చేసే సంస్థ, తన నిర్లక్ష్యం ఉన్నా లేకున్నా నష్టపరిహారం చెల్లించాలని పేర్కొంది. ఇటువంటి సందర్భాల్లో పోలీసు ఫిర్యాదు, పంచనామా, శవపరీక్ష నివేదిక, విద్యుత్ తనిఖీ అధికారి నివేదికల ప్రతులను బాధిత కుటుంబం సేకరించి ఉంచుకోవాలి.

చార్జీలే భారమైతే

ఇంధన సర్దుబాటు చార్జీలు, ట్రూఅప్ చార్జీలు, అదనపు వినియోగ డిపాజిట్‌పై ఇటీవలి సంవత్సరాల్లో తెలుగు రాష్ట్రాల్లో విస్తృతంగా చర్చ జరిగింది. బిల్లులో వీటిని లెక్కించడంలో తప్పు ఉంటే పరిష్కార వేదిక సరిచేయగలదు. కానీ నియంత్రణ మండలి ఆమోదించిన రేటునే తగ్గించే అధికారం దానికి లేదు. రేటుపై అభ్యంతరం ఉంటే, మండలి టారిఫ్ ఉత్తర్వు ఇవ్వడానికి ముందు జరిపే బహిరంగ విచారణలో చెప్పాలి. ప్రజల సూచనలు, అభ్యంతరాలను పరిశీలించాకే మండలి ఉత్తర్వు ఇవ్వాలని 64వ సెక్షన్ చెబుతోంది. ఉత్తర్వు వెలువడిన తరువాత 45 రోజుల్లోగా ఢిల్లీలోని విద్యుత్ అప్పీలు ట్రైబ్యునల్‌ను ఆశ్రయించవచ్చు. డిపాజిట్ విషయంలో గుర్తుంచుకోవలసింది, దానిపై కనీసం బ్యాంకు రేటుకు సమానమైన వడ్డీ చెల్లించడం 47వ సెక్షన్ ప్రకారం పంపిణీ సంస్థ విధి. ఆ వడ్డీ జమ అయిందో లేదో బిల్లులో చూసుకోవాలి.

భద్రపరచవలసినవి

ఏ వేదికలోనైనా వినియోగదారుడి బలం అతని వద్ద ఉన్న కాగితాలే. కనీసం రెండేళ్ల బిల్లులు, చెల్లింపు రసీదులు, తేదీతో కూడిన మీటరు ఫొటోలు, ఫిర్యాదు సంఖ్యలు, కార్యాలయ ముద్ర ఉన్న దరఖాస్తు ప్రతులు, నోటీసు అందిన కవరు ఒకచోట ఉంచాలి. అద్దెకు ఉంటున్నవారు సర్వీసు యజమాని పేరున ఉన్నా, తాము ఆ విద్యుత్తును వాడుతున్నట్లు చూపే అద్దె ఒప్పందం, చెల్లింపు ఆధారాలు దాచుకోవాలి.

నోటీసు చేతికి అందిన రోజున చూడవలసినవి ప్రధానంగా రెండు. అది ఏ సెక్షన్ కింద వచ్చింది, జవాబుకు గడువు ఎప్పటివరకు ఉంది. సాధారణ బిల్లు అయితే అభ్యంతరంతో సగటు మొత్తం చెల్లించి పరిష్కార వేదికకు వెళ్లాలి. 126 అయితే ముందుగా అభ్యంతరాలు, తరువాత 30 రోజుల్లో అప్పీలు. 135 అయితే ఆలస్యం చేయకుండా న్యాయ సలహా తీసుకోవాలి. గడువు మొదలయ్యేది సెక్షన్ ఆఫీసులో మాట్లాడిన రోజు నుంచి కాదు, నోటీసో ఉత్తర్వో అందిన రోజు నుంచి.